గిలిగిచ్చల సవ్వడి

హేమంతము కడచి శిశిరము ప్రవేశించిన తఱి నల్లమల తూర్పువాలునందలి మెట్టలపై వానకాలపుఁ బచ్చదనమెల్ల నింకి శిలలు బయల్పడ, గిలిగిచ్చపొదలు మాత్రము తుదిపూవులను దాల్చి నిలిచియుండెను. పసిఁడిరేకులపై సన్నని చాఱలు దీర్చిన యా పుష్పములు కొమ్మకొనల నెగురఁబోవు సీతాకోకచిలుకల గుంపులను దలఁపించుచుండెను. వాని క్రింద మునుపే పండి యెండిన కాయలు ఉబ్బిన పొట్టలలో విడివడిన గింజలను దాఁచుకొని పిల్లగాలి సోఁకినంతనే బాలికాపాదనూపురములవలె గలగలమనుచుండెను. దున్నినవాఁడును విత్తినవాఁడును లేని యా పొదలను మేఁకలు సైతము ముట్టవు గావున ఆ ప్రాంతపు గొల్లలు వానిని జూచియుఁ జూడనట్లే తిరుగుచుందురు.

ఆ మెట్టల పాదమున బూరుగుపెంట యను గొల్లపల్లెలో బయ్యన్న యనువాఁడు గలఁడు. అతని మొదటి భార్య కూఁతును గని పురిటిలోనే కన్నుమూసెను. ఆ కూఁతురు పోలి పుట్టుమూఁగ. చెవులు చక్కఁగా వినునుగాని నోట మాట పుట్టదు. బిడ్డ కొంత పెరిగిన పిమ్మట బయ్యన్న నాంచారి యను యువతిని మనువాడి తెచ్చెను. సవతితల్లి యను పేరునకు లోకము ముందుగనే కట్టిపెట్టిన యపకీర్తి యొకటి గలదు గదా. మృతురాలి తల్లియగు అంకమ్మ దానినే నమ్మి, నాంచారి బిడ్డతలకు నూనె యంటినను నోటికి ముద్ద యందించినను అనుమానదృష్టితోనే చూచుచుండెను. నాంచారి పోలి కనుసైగలను చేతిసైగలను నేర్చుకొనుచు దినములు గడపుచుండెను.

ఒకనాఁడు నాంచారి కట్టెలకై మెట్ట యెక్కఁగా పోలి వెంటఁబోయెను. ఆమె మోపు గట్టి వెనుదిరిగి చూచునప్పటికి బిడ్డ లేదు. నలుదిక్కుల వెదకి గుండె చెదరి పల్లెకుఁ బరుగెత్తి వచ్చి చెప్పినంతనే జనమెల్లఁ గదలెను. చిరుతపులి యొకటి మందలనుండి గొఱ్ఱెపిల్లల నెత్తుకొనిపోవుచున్న దినము లవి. కావున దానిని బెదరించుటకై తప్పెటలు మ్రోఁగించుచు, పోలీ పోలీ యని యెలుఁగెత్తి యఱచుచు మెట్టలన్నియుఁ గాలించిరి. కొండలు ఆ కేకలనే మరలఁ బలికెను. ప్రొద్దు పడమటికి వ్రాలెను.

అంకమ్మ నాంచారి కెదురుగా నిలిచెను.

"కట్టెలకని తోడుకొని పొయ్యి పులికి పెట్టొచ్చినావు. నా కడుపున పుట్టింది బతికుంటే ఇట్టా జరిగేదా?"

బయ్యన్న మొగము ప్రక్కకుఁ ద్రిప్పికొనెను. ఆ నిందకంటె మగని యా తీరే నాంచారిని మిక్కిలి నొప్పించెను. అయినను ఆమె కన్నీరు కార్చుచు నిలువలేదు. ఆమె చిత్తమునఁ దోఁచిన తలంపు వేఱు. ఆమె తిన్నగా ముందు నడచుచున్న పెద్దగొల్ల తిరుపాలును సమీపించి అతని తప్పెటపై నఱచేయి యుంచెను.

"తప్పెట్లు ఆపించు మామా."

"ఆపితే పులికి దారి ఇచ్చినట్టేనమ్మా."

"పులొస్తే ముందర నేనుంటా. మనం పిల్చేది పోలికి ఇనబడతానే ఉంటాది మామా. నోరు లేని పిల్ల, అది మనల్నెట్టా పిలుస్తాదో మనమూ ఇనొద్దా?"

"చూసినారా దీని మాట," అని అంకమ్మ కేక వేయుచుండఁగనే బయ్యన్న తన చేతికఱ్ఱను నేల కానించి తిరుపాలు వంకఁ జూచి, "అది చెప్పినట్టు చెయ్యి చిన్నాయనా," అనెను.

తప్పెటలు నిలిచెను. కేకలు నిలిచెను. గాలియు లేని యా సాయంసమయమున జనులకుఁ దమ యూపిరియే పెద్దగా వినవచ్చెను. ఎచ్చటనో కౌజుపిట్ట యొకటి కూసి యూరకుండెను. అంతట దిగువనున్న వాగు గట్టునుండి సన్నఁగా గలగలమని సవ్వడి వచ్చెను. ఆఁగెను. మరలఁ గలగలమనెను.

"గాలికి గిలిగిచ్చలు," అని యొకఁడనెను.

"గాలేదీ?" అనెను నాంచారి.

అందఱును జూచిరి. మెట్టంతటను గిలిగిచ్చపొదలు చిత్రరూపములవలె నిశ్చలములై యుండఁగా గట్టుచివరనున్న పొద యొక్కటియే కదలుచుండెను. నాంచారి ముండ్లను లెక్కింపక పరుగెత్తెను. గట్టు విఱిగి జాఱిన పోలి క్రిందిబండల నడుమఁ బాదము చిక్కుకొని, చేతికందిన పొదమొదలును రెండు చేతులఁ బట్టి యూఁపుచుండెను. అఱచేతుల చర్మము లేచిపోయెను. పొదక్రింద రాలిన కాయలు చాపవలెఁ బఱచుకొనియుండ కొమ్మలయందు గుప్పెఁడు మాత్రమే మిగిలియుండెను. అవియు రాలియున్న నేమగునో తలఁచుకొని తిరుపాలు తన తప్పెట వంకఁ జూచుకొనెను.

బయ్యన్న కఱ్ఱతో బండను బెకలింప పాదము వెలువడెను. వాచెనుగాని యెముక విఱుగలేదు. నాంచారి బిడ్డను హృదయమునకు హత్తుకొనఁగా పోలి ఆమె కంఠమును బెనవైచికొని శబ్దములేని యేడ్పు ఏడ్చెను. చేతులు చాఁచివచ్చిన అంకమ్మ దానిని జూచి నిలిచిపోయెను. పిదపఁ దన పైటచెఱఁగుతో నాంచారి మోచేతి నెత్తురు తుడిచెను.

"దాన్ని నువ్వే ఎత్తుకో అమ్మీ. దిగుడు జారతాది. నా చెయ్యి పట్టుకో."

పిలుచుటకు గొంతుక చాలునుగాని నోరులేనివారి పిలుపు వినుటకు మౌనము కావలయును. ఆ దినమున ఆ పల్లె దాని నెఱింగెను. తిరుగుదారిలో పోలి తల్లి భుజముపైఁ దలవాల్చి నిద్రించెను. తప్పెటలవారు తప్పెటలను వీఁపులకుఁ ద్రిప్పికొనిరి. గుసగుసలైన లేక, కాలిక్రింది రాయి దొరలకుండఁ దడవి తడవి యడుగిడుచు, అంతటి జనమును ఒక్క పసిదాని నిద్ర చెడకుండ మెల్లమెల్లన మెట్ట దిగిపోయెను.