మీ పిల్లలకు హాయి నిద్ర

ఆగస్టు వచ్చిందంటే అరీజ్‌కి టీ తాగే తీరిక ఉండదు. ఇర్బిద్‌లో బడులు తెరిచే లోపు మూడు బడుల యూనిఫారాలు కుట్టివ్వాలి. పొద్దున్నుంచీ పిల్లలు వరసగా స్టూలు ఎక్కడం, చేతులు చాపడం, దిగిపోవడం. గౌను అడుగున నాలుగు వేళ్ల గుడ్డ లోపలికి మడిచి కుట్టమని ఏ తల్లీ చెప్పక్కర్లేదు, ఆమే మడుస్తుంది. పిల్లలు సాగినకొద్దీ విప్పుకోవచ్చు. ఊళ్లో సగంమంది పిల్లల కొలతలు ఆమెకి నోటికొచ్చు. ముప్పైతొమ్మిదేళ్లు వచ్చినా తనకంటూ ఒక్క నలుసు లేదే అన్నది మాత్రం ఊళ్లోవాళ్ల బెంగ.

ఇప్పుడామెకి రెండో పెళ్లి. వరుడు ముంజిర్‌ది నీటి శాఖలో ఉద్యోగం. భార్య పోయి మూడేళ్లయింది, ఏడేళ్ల కూతురు మయార్ అమ్మమ్మ ఉమ్ నిదాల్ దగ్గర పెరుగుతోంది. పెళ్లికి రెండు రోజుల ముందు ఆడవాళ్ల గోరింటాకు వేడుక, అది పెళ్లికూతురి తరఫు ఖర్చు. కార్డులు అరీజ్ తన పేరునే వేయించుకుంటోంది. ఆ కార్డు మీద చివరి వాక్యం ఉండాలా వద్దా అన్నదే తేలడం లేదు.

ఆ వాక్యం ఊళ్లో అందరికీ తెలిసిందే. ‘మీ పిల్లలకు ఇంట్లో హాయి నిద్ర కోరుకుంటున్నాం.’ పిల్లల్ని తీసుకురావద్దని మర్యాదగా చెప్పే పద్ధతి. వేరే ఊళ్లలో అది మాట వరసకి వేస్తారు, పిల్లలు మామూలుగానే వచ్చి కుర్చీల కింద దూరతారు. అబూ గస్సాన్ అచ్చుకొట్లో వేయిస్తే మాత్రం పనిచేస్తుంది. కార్డు ఏ ఇంటికి వెళ్తే ఆ ఇంటి పిల్లలు వేడుక వేళకి ఎక్కడివాళ్లక్కడ పడి నిద్రపోతారు, వేడుక ముగిశాకే లేస్తారు. కార్డు ఎవరి పేరున వేస్తే వాళ్ల సొంత పిల్లలకి మాత్రం అది తగలదు. పోయినేడు ఉమ్ రాఫత్ కూతురి గోరింటాకు రోజున ఊరి పిల్లలంతా పడుకుంటే, ఆవిడ చిన్నకొడుకు ఒక్కడే హాలంతా పరుగులు తీసి పళ్లెం నిండా బక్లావా మిఠాయి తిని వాంతి చేసుకున్నాడు.

"పిల్లల్లేని గోరింటాకేంటే? మనం నలుగురం గోడకానుకుని కూర్చుంటే చావింటికొచ్చినట్టుండదూ?" అంది తల్లి.

"అమ్మా, నువ్వూరుకో! నలుగురు పిల్లల్ని చంకనేసుకుని పదకొండేళ్లలో ఏ వేడుకలోనూ కుదురుగా ఓ ముద్ద తినలేదు నేను. అరీజూ, ఆ వాక్యం పెద్దక్షరాల్లో వేయించవే. నీ కడుపు చల్లగా..." అని చెల్లెలు హియామ్ నాలిక్కరుచుకుంది.

అరీజ్ పట్టించుకోనట్టే ఉంది. ఆమె భయమల్లా ఒకటే. మొదటి పెళ్లప్పుడు ముత్తయిదువులు శకునం బావుంటుందని ఎవరిదో మగపిల్లాణ్ణి తెచ్చి ఆమె ఒళ్లో కూర్చోబెట్టారు. పిల్లాడు బంగారంలా నవ్వాడు. తొమ్మిదేళ్లపాటు ఆ నవ్వు గుర్తొచ్చి ఆమె గుడ్లలో నీళ్లు కుక్కుకుంది. ఆఖరికి మొగుడు తలాక్ చెప్పి ఇంకో పెళ్లి చేసుకున్నాడు. ఈసారీ ఒడి నింపుతామని వస్తారు. లేదా, దీనికెందుకులే అని జాలిపడి నింపకుండా ఊరుకుంటారు. రెండూ భరించలేదు. మర్నాడే అచ్చుకొట్టుకి వెళ్లి వాక్యం వెయ్యమని చెప్పేసింది. చెప్పాక ప్రాణం తేలికపడింది.

వారంలో కార్డులన్నీ పంచేశారు, ఒక్క ఉమ్ నిదాల్ కార్డు తప్ప. అది చేత్తో ఇవ్వడం మర్యాద. ఆవిడే మనవరాల్ని వెంటబెట్టుకుని అరీజ్ కుట్టుకొట్టుకి వచ్చింది.

"పెళ్లికి దీనికో గౌను కుట్టాలి," అంది ఉమ్ నిదాల్ పొడిగా. చనిపోయిన కూతురి స్థానంలోకి వస్తున్న మనిషిని ఆవిడ సూటిగా చూడలేకపోతోంది.

మయార్ స్టూలెక్కి ఆకుపచ్చ గుడ్డ వైపు చూపించింది. అరీజ్ భుజం కొలిచింది, చెయ్యి కొలిచింది. ఆ పిల్ల ఇంతవరకూ ఆమెతో పట్టుమని పది మాటలు మాట్లాడలేదు.

"గోరింటాకు రోజు నేను కూడా నిద్రపోతానా?" అంది ఉన్నట్టుండి.

"అందరు పిల్లలూ పడుకుంటారు తల్లీ."

"మా అమ్మని తీసుకెళ్లిన రోజు కూడా నన్ను నిద్రపుచ్చేశారు."

అరీజ్ చేతిలో టేపు ఆగిపోయింది. ఇంత పని చేశానా అనుకుని సిగ్గుతో ముడుచుకుపోయింది.

"పిన్నిగారూ, మీకు కార్డెందుకు చెప్పండి? నోటిమాటగా పిలుస్తున్నాను, మయార్‌ని తీసుకుని తప్పకుండా రండి."

ఉమ్ నిదాల్ మొహం మాడిపోయింది. "ఊరందరికీ కార్డులు, నాకు నోటిమాటా? పనిమనిషిని పిలిచినట్టు! నా కూతురు పోయింది గానీ నా పరువు పోలేదమ్మా."

అరీజ్ సొరుగు తీసి కార్డు రెండు చేతులతో ఇచ్చింది. ఆ రోజు వేరే పని ముట్టుకోలేదు. ఆకుపచ్చ గౌను కత్తిరించి, అలవాటు కొద్దీ అడుగున మడత పెట్టి, పెళ్లికైనా వేసుకుంటుందిలే అని సరిపెట్టుకుని కుట్టి పంపింది.

గోరింటాకు రోజు సాయంత్రం నమాజుకి అసర్ అజాన్ అయ్యేసరికి ఊరు సద్దుమణిగింది. బంతి ఆడుతున్నవాళ్లు మెట్ల మీదే ఒరిగిపోతే తండ్రులొచ్చి భుజాన వేసుకెళ్లారు. హాల్లో ఆడవాళ్ల సంబరం చెప్పక్కర్లేదు. హియామ్ రెండు పళ్లేల మన్సఫ్, మాంసం కలిపిన అన్నం, లాగించి, చెప్పులు విడిచి ఆడుతోంది. కూతుళ్లు తప్పిపోతారన్న కంగారు లేదు, పాలకేడుపుల్లేవు. అరీజ్ ఒడి ఖాళీగా, భద్రంగా ఉంది. కోరుకున్నదంతా జరిగింది. కానీ ఆమె కళ్లు తలుపు దగ్గరే ఉన్నాయి.

తలుపు తెరుచుకుంది. ఉమ్ నిదాల్ వచ్చింది. ఆవిడ చెయ్యి పట్టుకుని, ఆకుపచ్చ గౌన్లో, కళ్లు రెండూ బాగా తెరుచుకుని మయార్ నడిచొచ్చింది.

డోలు కొట్టే ఆమె కొట్టడం ఆపేసింది.

"మా వీధిలో చంటిపిల్లల్తో సహా పడుకున్నారు," అంది ఉమ్ నిదాల్ ఎవరితోనో అన్నట్టు. "ఇది గౌనేసుకుని గుమ్మంలో కూర్చుంది. జోల పాడాను, వీపు నిమిరాను, ఆవలింత కూడా రాలేదు. కార్డు తీసి మళ్లీ చూశాను. నీ పేరే ఉంది."

కార్డు ఎవరి పేరున వేస్తే వాళ్ల సొంత పిల్లలకి నిద్ర తగలదని అక్కడున్న ప్రతి ఆడదానికీ తెలుసు. ఉమ్ నిదాల్ మొదటిసారి అరీజ్‌ని సూటిగా చూసింది. కన్నీళ్లు చెంపల మీదికి దిగినా తుడుచుకోలేదు. "ఇన్నాళ్లూ దీన్ని ఎవరి చేతుల్లో పెట్టి పోవాలా అని హడలిపోయాను," అని పిల్ల చెయ్యి వదిలింది.

మయార్ తిన్నగా వచ్చి, ఎవరూ కూర్చోబెట్టకుండానే, అరీజ్ ఒళ్లోకి ఎక్కింది. గోరింటాకు తడి అంటుతుందని అరీజ్ రెండు చేతులూ గాల్లోకెత్తి, మోచేతులతోనే పిల్లని దగ్గరకి అదుముకుంది. ఏళ్ల తరబడి గుండె మీదున్న బరువేదో దిగిపోయింది. అరీజ్ తల్లి సంతోషం పట్టలేక నాలుక ఆడిస్తూ పెట్టిన జగ్‌రూత కేకకి కిటికీ మీది పావురాలు లేచాయి.

"వచ్చే ఏడాదికి ఈ గౌను పొట్టయిపోతుందంట, అమ్మమ్మ చెప్పింది," అంది మయార్.

"అడుగున మడత ఉంది తల్లీ," అంది అరీజ్. "నువ్వు పెరిగినకొద్దీ నేనే విప్పుతాను."