సుంకమ్మ వంతు

మబ్బు వదలక అది మూడోరోజు. తెల్లవారగానే చెరువుగట్టు ఎక్కిన సుంకమ్మ కాళ్లు అక్కడే ఆగిపోయాయి. నీళ్లమీద ఎక్కడ చూసినా నోళ్లే. వందల చేపలు మూతులు పైకెత్తి గుటకలు మింగుతున్నాయి.

"చూడు, ముసురుకు ఎట్ల ఆడుకుంటాండాయో!" అన్నాడు పుల్లన్న, వేపపుల్ల నములుతూ.

ఆరు కుటుంబాలు కలిసి చేపపిల్లలు వదిలిన చెరువది. తొంభైతొమ్మిదిలో నిండాక మళ్లీ ఈ ఏడే నిండింది, ఇంకెప్పుడు నిండుతుందో ఎవరికీ తెలియదు. ఈ వారం మేత వంతు సుంకమ్మది. ఆమె హిందూపురంలో పట్టుదారం తీసే షెడ్డుకు పనికి పోతుంది. గూళ్లు ఉడికించి దారం లాగాక మిగిలే పురుగుల్ని రోజుకో బకెట్టు తెచ్చి చేపలకు వెయ్యాలి. మొన్న షెడ్డుకు రెండురోజులు సెలవని మూడు బకెట్లు తెచ్చింది. ఇంట్లో పెడితే కంపు. తింటాయిలే అని మూడూ ఒకేసారి కుమ్మరించింది.

గొర్రెల వెంట వచ్చిన పుట్టమ్మవ్వ వంగి దోసిట్లోకి నీళ్లు తీసుకుంది. అందులో రెండు రొయ్యపిల్లలు, తెల్లగా, కదలకుండా.

"ఆట గాదురా పుల్లన్నా, ఊపిరాడక! పురుగును రొయ్య తింటాది, రొయ్యను చేప తింటాది. ఎవరూ తిననిది కుళ్లితే నీళ్లే తినాల. ఇంక ఊపిరి యాడ మిగులుతాది? నీళ్లల్లో పాచి ఊపిరి వదిలేకి ఎండన్నా ల్యాకపాయె. నీళ్లు ఎగరేసి కొట్టాల, గాలి కలవాల."

"పైవూరోళ్లు మందు కలిపుంటారు." పుల్లన్న పుల్ల ఊసేశాడు. "స్టేషనుకు పోదాం, అందరినీ పిలుస్తా."

సుంకమ్మ గట్టుమీద వదిలేసిన తన మేత బకెట్టు వైపు చూసింది. నోరు మూసుకుంటే తప్పు తనమీదికి రాదు. వీళ్లు స్టేషనుకు పోయి వచ్చేలోపల చెరువులో ఒక్క చేప మిగలదు.

"ఎవరూ ఏమీ కలపలే పుల్లన్నా. నేనే. మూడు బకెట్లూ ఒక్కసారే పోసినా. ముందు నీ నీళ్లింజను తీసుకురా."

పుల్లన్న ఆమెను కిందినుంచి పైదాకా చూశాడు. "చేపలకేమన్నా పెండ్లి చేస్తాంటివా, అంత వడ్డించేకి!" అంటూనే పరుగెత్తాడు.

ఇంజను పొగ కక్కింది. పైపులోంచి నీళ్లు ఎగిరి చెరువులోనే పడ్డాయి. చేపలు అటు మళ్లాయి. తేలిన చిన్నవాటిని సుంకమ్మ అదే బకెట్టులోకి ఏరుతోంది, తలెత్తకుండా. కాసేపటికి నీళ్లమీది నోళ్లు ఒక్కొక్కటే మాయం కాసాగాయి.

"అవ్వా, కిందికి పోతాండాయా, చస్తాండాయా?"

"చచ్చినవి నీ బకెట్లో ఉండాయి కదమ్మీ. పొయ్యేవి బతికినవే."

అప్పటిదాకా తన నోరూ తెరుచుకునే ఉందని సుంకమ్మకు తెలియలేదు.