కెమెరా తిప్పబాక

సైమన్ పుట్టింది ఉదయగిరిలో, ఆ ఆదివారం ఆడింది మాత్రం ఆత్మకూరు తరపున. పదహారేళ్లుగా అతని బతుకే అంత. పిలిచిన వాళ్ల జెర్సీ తొడుక్కోవడం, గోల్ కొట్టడం, సీజన్ అయ్యాక బ్యాగు సర్దుకోవడం. గోవాలో ఒక ఏడాది, కలకత్తాలో బెంచీ మీద ఇంకో ఏడాది, షిల్లాంగ్ వానలో మరొకటి. కేరళలో కోత కోసిన మళ్లలో లైట్లు పెట్టి ఆడించారు. ఏ క్లబ్బూ అతన్ని పొమ్మనలేదు. ఉండమని కూడా ఎవడూ అనలేదు.

ఇప్పుడు వయసు ముప్పై నాలుగు, మోకాలికి ఆపరేషన్ కూడా అయింది. బెంగళూరులో ఒక చిన్న క్లబ్బు కోచ్ ఫోన్ చేసి మొహమాటం లేకుండా చెప్పాడు. "ఆపరేషన్ తర్వాత కొట్టిన గోల్ ఒక్కటి వీడియో పంపు. ఆదివారం రాత్రి లోపల రాకపోతే వేరేవాణ్ని తీసుకుంటా."

"ఒకటి చాలా సార్?" అన్నాడు సైమన్.

ఆత్మకూరులో ఫుట్‌బాల్ టోర్నమెంట్ పెట్టింది సురేంద్రబాబు. ఆయనకు బంతి గుండ్రంగా ఉంటుందని తెలుసు, అంతే. ముఖ్యఅతిథి, శాలువాలు, ఫ్లెక్సీ మీద తన బొమ్మ, ఇవి మాత్రం బాగా తెలుసు. మన దగ్గర ఆటగాడికి నీళ్ల సీసా దొరకదు గానీ అతిథికి కొబ్బరిబోండాం ముందే కొట్టి పెడతారు. వేపచెట్ల నీడ ఉందని ఒక గోల్ వెనకే షామియానా వేయించాడు. పెళ్లిళ్లకు వీడియోలు తీసే చంద్రమోహన్‌ని పిలిపించి, మైదానం పక్కన మధ్యగీత దగ్గర కెమెరా పెట్టించాడు.

"అన్నా, నేను కొట్టే గోల్ పడాల. నా పని అంతా దాంట్లోనే ఉండాది," అని ముందే చెప్పుకున్నాడు సైమన్.

"తాళి కట్టేది ఏ పెళ్లిలోనన్నా మిస్సయినానా నేను?" అన్నాడు చంద్రమోహన్.

ఆట మొదలైంది. సైమన్‌ని కాసుకోడానికి ఎదురుజట్టు ఉదయగిరి వాళ్లు కేశవను పెట్టారు. చిన్నప్పుడు ఉదయగిరి మిషన్ కాంపౌండ్‌లో ఇద్దరూ కలిసి ఆడినవాళ్లే.

"ఏందిరా, ఈసారి ఈ ఊరి చొక్కానా?"

"ఎవురు పిలిస్తే వాళ్లదేరా."

"మోకాలు అరిగిపోయిందంట గదా. ఇంటికాడ కూచోరాదా?"

సైమన్ నవ్వాడు. కాసేపటికి కార్నర్ నుంచి వచ్చిన బంతిని కేశవ నెత్తి మీదుగా లేచి తలతో వలలోకి కొట్టాడు. షామియానాకు దూరంగా అవతలి కొసన ఉన్న గోల్ అది. మైదానం హోరెత్తింది. హాఫ్ టైంలో సైమన్ చంద్రమోహన్ దగ్గరికి పరిగెత్తాడు.

"పడిందా అన్నా?"

చంద్రమోహన్ తల వంచుకున్నాడు. "సరిగ్గా అప్పుడే ముఖ్యఅతిథి కారు దిగినాడబ్బా. సురేంద్రబాబు మైకులో నా పేరు పెట్టి పిలిచినాడు. అటు తిప్పేసినా."

"గోలు?"

"సౌండు పడింది."

పదహారేళ్లలో సైమన్ గోల్స్ చాలావరకు ఇలాగే పోయాయి, సౌండు కూడా మిగలకుండా.

"ఇంక సన్మానాలంట. కెమెరా షామియానా మీదనుంచి కదిలిస్తే నన్ను మళ్లీ పిలవడు," అన్నాడు చంద్రమోహన్.

సైమన్ అటు చూశాడు. షామియానా ముందు గోల్. ఇప్పుడు వైపులు మారాయి, ఆత్మకూరు కొట్టాల్సింది ఆ గోల్‌లోకే.

"కెమెరా తిప్పబాక అన్నా. నేనే దాంట్లోకి వస్తా."

రెండో సగంలో కేశవ మరీ అంటుకుపోయాడు. "కొట్టింది గూడా వీడియోలో పడలేదంటనే!"

"ఇంకోటుండాదిలేరా."

ఎన్ని ఊళ్లు తిరిగాడో అన్ని సన్మానాలు చూశాడు సైమన్. మైకులో శాలువా అన్న మాట వినపడగానే బంతి కాళ్ల దగ్గరున్నవాడు కూడా ఒక్క క్షణం అటు చూస్తాడు. అందుకే ఎడమవైపు ఆడే శాంతికుమార్‌కి చెవిలో చెప్పి పెట్టాడు. "మైకులో శాలువా అనంగానే గోల్ ముందరికి వేసెయ్. నాకోసం చూడబాక."

తర్వాత మోకాలు పట్టుకుని కుంటుతూ నడిచాడు. కేశవ కొంచెం వదులైనాడు.

"ఇప్పుడు మన ప్రియతమ ముఖ్యఅతిథిగారిని శాలువాతో..." అంది మైకు.

కేశవ తల అటు తిరిగింది, గోల్‌కీపర్‌ది కూడా. శాంతికుమార్ బంతి వేశాడు. మోకాలు పట్టుకున్నవాడు మోకాలు వదిలేసి ఉరికాడు. నేలకు తాకనివ్వకుండా కుడికాలితో కొట్టిన దెబ్బకు బంతి వలను వెనక్కి లాగి, అతిథి ముఖానికి జానెడు దూరంలో ఆగింది.

జనం లేచి చప్పట్లు కొట్టారు. అవి తనకేననుకుని అతిథి రెండు చేతులూ ఎత్తి నమస్కారం పెట్టాడు.

కప్పు ఆత్మకూరుకు పోయింది. పొద్దుగూకకముందే వీడియో బెంగళూరు చేరింది, వెంటనే ఫోన్ వచ్చింది.

"మధ్యలో ఆ శాలువా ఆయన ఎవరయ్యా?"

"నా గోల్‌కి దండం పెట్టినాయన సార్."

కోచ్ కాసేపు నవ్వి, "సరే, రా," అన్నాడు.

షూస్ విప్పుతూ కూర్చున్న కేశవ తలెత్తకుండానే అడిగాడు. "ఇంకెన్నాళ్లురా ఇట్టా?"

"పిలిచినన్నాళ్లు," అన్నాడు సైమన్, బ్యాగు జిప్పు లాగుతూ.