జీలుగుచెట్టు వాయిదాలు

భీమన్నకూ తమ్ముడు మల్లేశుకూ ఊళ్లో మాటల్లేవు. తండ్రి వదిలిపోయిన జీలుగుచెట్టు ఇద్దరి పోడు భూముల మధ్య గట్టు మీద ఉంది. చెట్టు ఎవరిదైతే, పొద్దున్నే కల్లు దించి ఊరందరినీ కూర్చోబెట్టి ఆకుదొప్పల్లో వంచేది వాళ్లే. పెద్దకొడుకు తనుండగా మల్లేశు చెట్టెక్కి వంచేసరికి భీమన్నకు ఒళ్లు మండింది. 1998లో ఓ వకీలును పట్టుకుని దావా పడేశాడు. తీర్పొచ్చేదాకా చెట్టును ఎవరూ ముట్టకూడదని కోర్టు స్టే ఇచ్చింది.

జీలుగు గెలకు పూటపూటా కోత పెడుతుంటేనే కల్లు ఊరుతుంది. కోత ఆగితే గెల ఎండిపోతుంది. ఈ సంగతి స్టే ఇచ్చిన దొరకు తెలియదు. అడిగిన భీమన్నకు తెలుసు. తమ్ముడికి దక్కకపోతే చాలనుకున్నాడు మహానుభావుడు.

వాయిదాలు మొదలయ్యాయి. ఆ కొండకు ఉన్నది ఒకటే జీపు. వాదీ ప్రతివాదీ అందులోనే తొడ రాసుకుంటూ వెళ్లాలి. భీమన్నకు అక్షరం ముక్క రాదు. కోర్టు గోడకు అంటించిన జాబితాలో తన పేరుందో లేదో మల్లేశు చదివి చెప్పాల్సిందే. మల్లేశు ఆకలికి ఆగలేడు. భీమన్న పెళ్లాం రాజులమ్మ ఎండు ఆనపబుర్రలో ఇద్దరికి సరిపడా అంబలి పోసి పంపేది.

"అన్నియ్యా, ఈయాల దొర సెలవంట" అనేవాడు మల్లేశు.

"అయితే తాగు" అని భీమన్న బుర్ర అందించేవాడు. ఊళ్లో జీపు దిగగానే మళ్లీ ఎడమొహం పెడమొహం.

అలా మూడేళ్లు. దొర బదిలీ అయ్యాడు, ఎన్నికలొచ్చాయి, వకీళ్లు సమ్మె చేశారు. చెట్టు మాత్రం ఏ వాయిదా కోసమూ ఆగలేదు. గెలలన్నీ ఎండి మోడై, వానాకాలం మొదటి గాలికి ఇద్దరి పోడు మీదా అడ్డంగా పడింది.

తర్వాతి వాయిదాకు కొత్త దొర కాగితాలు తిరగేసి, "ఇంతకీ చెట్టెలా ఉంది?" అన్నాడు.

"పడిపోనాది బాబూ" అన్నారిద్దరూ. మూడేళ్లలో వాళ్లు కలిసి ఒప్పుకున్నది అదొక్కటే.

"లేని చెట్టు ఎవరిదని తేల్చమంటారు? విచారించడానికేమీ లేదు. కొట్టేస్తున్నాను."

భీమన్న బయటికొచ్చి గుమాస్తాను పట్టుకున్నాడు. "మళ్లీ వాయిదా ఎప్పుడు బాబూ?"

"ఇంక వాయిదా ఏమిటయ్యా? కేసే లేదు. ఇంటికెళ్లు."

భీమన్న అరుగు మీద కూలబడ్డాడు. చెట్టు పడ్డనాడు కూడా అంత దిగులు పడలేదు. రేపటినుంచి తమ్ముడితో ఏ వంకన మాట్లాడాలి? తనే ముందు పలకరిస్తే పెద్దరికం ఏం కాను? ఏమీ పాలుపోక బుర్ర తీసి మల్లేశు చేతిలో పెట్టాడు. మల్లేశు సగం తాగి, మూతి తుడుచుకున్నాడు.

"అన్నియ్యా, మా పెరట్లో పనససెట్టుంది గదా."

"ఉంటే?"

"దాని మీద ఎయ్యరాదేటి, కేసు?"

"అది నీ సెట్టేరా. నువ్వే నాటినావు. నానెందుకేత్తాను?"

"నాదేలే. కానీ పనస బేగి పడిపోదు. మనం ముసిలోళ్లమయ్యేదాకా నడుత్తాది. లెగు, వకీలు ఎల్లిపోతాడు."