నోట్లో మాగిన పేరు

చెప్పులు ఇక్కడ విడిస్తే ఎవరైనా ఎత్తుకుపోతారేమో అనుకుంది ప్రమోదిని, అనుకున్నాక తనమీద తనకే నవ్వొచ్చింది, మనిషిని చంపడానికి వచ్చి చెప్పుల గురించి ఫికరు పడేది తనొక్కతే అయ్యుంటుంది, ధర్మపురి రేవు మెట్లు అప్పుడే కాలుతున్నాయి, కింద గోదావరి ఎండలకు చిక్కిపోయి అవతలి ఒడ్డుకు జరిగి పారుతోంది, పొద్దున్నుంచి చుక్క నీళ్ళు తాగలేదు, తాగకూడదు, ఒప్పందం నాడు రెండిళ్ళవాళ్ళూ దూపతోనే రావాలి, వచ్చి ఒకరి దోసిట్లో ఒకరు నీళ్ళు తాగాలి, ముత్తాతల నాటి షరతు అది, మంథనిలో తమది నీళ్ళిల్లు, నస్పూర్‌లో వాళ్ళది నిప్పిల్లు, తమ దగ్గరున్నది దూప మంత్రం, అది పడ్డవాడు గోదావరినంతా తాగినా నాలుక తడవక ఎండి చస్తాడు, వాళ్ళ దగ్గరున్నది మంట మంత్రం, అది పడ్డవాడు పైకి మచ్చైనా లేకుండా లోపల్లోపలే కాలిపోతాడు, చంపుకుని చంపుకుని రెండిళ్ళలోనూ దీపం పెట్టే దిక్కు లేకుండా పోయేదాకా వచ్చాక కదా ఈ మెట్లమీదే కూర్చుని ఒప్పుకున్నారు, ఎవరి మంత్రమూ గడప దాటకూడదు, ఒకరు తప్పితే రెండోవారికి అడ్డు లేదు, నమ్మకానికి గుర్తుగా ఏటేటా వానలకు ముందు పగవాడి చేతినీళ్ళు తాగాలి, దూప మంత్రం ఎక్కేదే చేతినీళ్ళలోనని తెలిసీ ఆ షరతు పెట్టారంటే ఎంత గుండెలున్న మనుషులో, లేకపోతే ఎంత మూర్ఖులో.

ఈ ఏడు ఎక్కుతుంది, ఎక్కించి తీరుతుంది, ఆ మంత్రంలో మాటలే లేవు, ఒక్కటే నియమం, పగవాడి పేరు నోట్లో పెట్టుకుని ఎవరి ముందూ పలకకుండా మాగబెట్టాలి, గడ్డిలో మామిడికాయ మాగబెట్టినట్టు, మాగిన పేరును దోసిట్లో నీళ్ళమీదికి ఊదాలి, అంతే, పలికితే మంత్రం సచ్చిపోతది బిడ్డా, పలకకుంటే మనిషిని సంపుతది అని అవ్వ నేర్పింది, అప్పుడు తనకు జడ వేస్తూ చెప్పింది, తమ్ముడు ఉజ్వల్ పక్కన కూర్చుని సకినాలు కరకరలాడిస్తూ మంత్రం లేదు గింత్రం లేదు అని వెక్కిరించాడు, వాడికి దేనికీ భయం లేదు, ఆ భయం లేకపోవడమే వాడి కొంప ముంచింది, పోయిన చలికాలం, గోదావరి ఇసుక తోలొద్దని నిప్పింటివాళ్ళ లారీకి అడ్డంగా నిలబడ్డాడు, మనిషి మీదికి తోలను అని డ్రైవర్ దిగిపోయాడు, అప్పుడు నిప్పింటాయనే ఎక్కాడు, అద్దం వెనక ఆ ముఖాన్ని తను చూసింది, వాడూ తనను చూశాడు, తర్వాత రోడ్డుమీద ఉజ్వల్ చెప్పు ఒక్కటే తిరగబడి ఉంది, రెండోది ఎంత వెతికినా దొరకలేదు.

ఠాణాలో అడిగారు, లారీ ఎవరు తోలిండ్రో చూసినవా అమ్మా అని, తల అడ్డంగా ఊపింది, పేరు నోరు జారితే మంత్రం చస్తుంది మరి, ఎవరో గుర్తు తెలియని డ్రైవర్ అని రాసుకున్నారు, అవ్వ అడిగినా చెప్పలేదు, పేరొక్కటీ మింగి, జరిగింది మాత్రం రెండిళ్ళకూ మధ్యవర్తి అయిన ఫజలుద్దీన్ తాతకు చెప్పుకుంది, నిప్పింటివాళ్ళు ఒప్పందం తప్పారు తాతా అని ఏడ్చింది, ఇందులో మంత్రం లేదు బేటీ, లారీ ఉన్నది, లారీకి ఒప్పందం లేదు అన్నాడు తాత, థూ, ఏం ఒప్పందం ఇది, నిప్పుతో చంపితే తప్పట, చక్రం కింద తొక్కితే తప్పు కాదట.

అదిగో వచ్చాడు, ఇస్త్రీ చొక్కా, కాలు కాలుతున్నా మెట్టుమెట్టుకూ నిదానం, వెనకే ఫజలుద్దీన్ తాత గొడుగు పట్టుకుని, రివాజు ప్రకారం ముందు వాడే నీళ్ళు ముంచాడు, తను వంగింది, తమ్ముడి మీదికి స్టీరింగ్ తిప్పిన చేతుల్లో మూతి పెట్టింది, సబ్బు వాసన వేసింది, అయినా మింగింది, మీ అవ్వ పానం బాగున్నదా అని అడిగాడు వాడు, ఆ పలకరింపులో బెదిరింపు తెలుస్తూనే ఉంది, నువ్వు తప్పితే ముందు కాలేది మీ అవ్వే అని, కాలితే కాలనీ అనుకుంది, మరుక్షణమే జడ వేసిన ఆ వేళ్ళు గుర్తొచ్చాయి, అయినా ఆగకూడదు, ఇప్పుడు తన వంతు, దోసిలి నింపింది, నాలుక కింద పేరు పండి పగలడానికి సిద్ధంగా ఉంది, వాడు వంగుతూ తాతకు వినబడనంత మెల్లగా అన్నాడు, నువ్వు బుద్ధిమంతురాలివి బిడ్డా, ఠాణల నా పేరు తియ్యలే, రెండిండ్ల పరువు నిలవెట్టినవ్.

ఊదబోయిన ఊపిరి అక్కడే ఆగింది, ఏమన్నాడు వీడు, థాంక్స్ చెబుతున్నాడా తనకు, పగదాని దోసిట్లో మూతి పెట్టబోతూ వీడికి చెమటైనా పట్టలేదు, అవ్వ ఉన్నంతకాలం తను ఊదదని వీడికి ధీమా, మరి ఇన్నాళ్ళూ వీడు దేనికి భయపడ్డాడు, ఠాణాకు, ఒక్క పేరుకు, ఆ భయాన్ని తీసేసింది ఎవరు, తనే కదా, వాడి చావును మాగబెడుతున్నాననుకుంటూ వాడి పేరును బంగారంలా దాచిపెట్టింది, ఉజ్వల్ చూస్తే పగలబడి నవ్వేవాడు, మంత్రం లేదు గింత్రం లేదు అక్కా, నోరున్నది కదా నీకు అనేవాడు.

తాతా, పేరు చెప్పుడు మంత్రమా అని అడిగింది, దోసిలి అలాగే పట్టుకుని, ఫజలుద్దీన్ తాత ఇద్దరి ముఖాల్లోకీ చూశాడు, గొడుగు దించాడు, కాదు బేటీ, పేరు చెప్పుడుకు అడ్డు లేదు అన్నాడు, అప్పుడు అంది, మెట్లమీద స్నానాలు చేస్తున్నవాళ్ళంతా తలలు తిప్పేలా, కరుణాకర్‌రావు, లారీ నువ్వే తోలినవ్, నా తమ్ముని మీదికి నువ్వే తోలినవ్, నేను చూసిన, నాలుక కింద ఏదో చితికి మాయమైంది, చచ్చింది మంత్రం, దోసిట్లోవి ఇప్పుడు వట్టి నీళ్ళు, తాగు, మంచినీళ్ళే అంది, కరుణాకర్‌రావు తాగాడు, తాగకపోతే ఒప్పందం తప్పేది వాడే, సగం నీళ్ళు చొక్కామీద పడ్డాయి, తాగాక కూడా పెదవులు తడుపుకుంటూనే ఉన్నాడు, ఏ మంత్రమూ పడకుండానే వాడి నోరు ఎండిపోయింది, ఆమె తడిచేతులు కొంగుకు తుడుచుకుని మెట్లెక్కింది, చెప్పులు పెట్టినచోటే ఉన్నాయి, రెండూ ఉన్నాయి, తొడుక్కుంది, మంథని బస్సు దొరికితే పొద్దు గూకకముందే ఠాణాకు చేరొచ్చు, ఈ పేరు అక్కడ చెప్పాలి, రేపు కోర్టులో అడిగినా చెప్పాలి, ఎన్నిసార్లు అడిగితే అన్నిసార్లూ చెప్పాలి, ఇన్నాళ్ళూ వాడికి కాపలా కాసింది తన నోరే, ఇక కాయదు.