వాసన లేని పిల్ల

ఊళ్ళో అందరూ ఆమెను తోళ్ళమ్మ అనేవారు. వేటగాళ్ళు తెచ్చిన జంతువుల తోలు ఒలిచి, శుభ్రం చేసి, లోపల పీచు కూరి, గాజుకళ్ళు పెట్టి, ప్రాణమున్నట్టు నిలబెట్టడం ఆమె పని. ఆ పని తండ్రి దగ్గర నేర్చుకుంది. తండ్రి తుపాకీ మాత్రం అన్నకు వచ్చింది. "చంపడం నా వంతు, బతికించడం మా చెల్లెలి వంతు. పాపం నాది, పుణ్యం దానిది" అని అతను నలుగురిలో నవ్వుతూ చెప్పేవాడు.

ఆరోజు పొద్దున మాత్రం నవ్వలేదు. వ్యాను వెనక తలుపు తీసి, తల పక్కకు తిప్పుకున్నాడు. లోపల ఆడజింక ఉంది.

"పొగమంచు కమ్మేసింది. కొమ్ములున్నదే అనుకున్నానే. తీరా చూస్తే వెనక ఎండుకొమ్మ..." నీళ్ళు నమిలాడు. "పారేయడానికి మనసు రాలేదు. తోలైనా పనికొస్తుందేమో చూడు."

ఇద్దరూ కలిసి జింకను బల్ల మీదకు ఎత్తారు. పొట్ట దగ్గర ఆమె చెయ్యి వేసిందో లేదో, వేళ్ళకు గోరువెచ్చటి తడి తగిలింది. నెత్తురు కాదు, పాలు.

"అన్నయ్యా, దీనికి పిల్ల ఉంది."

"లేదే. చుట్టుపక్కలంతా చూశాను. ఒంటరిగానే ఉంది."

"ఒంటరిగానే ఉంటుంది. పిల్లను దాచిపెట్టి మేతకొస్తుంది. అమ్మ చెప్పింది మర్చిపోయావా?"

అతను మర్చిపోలేదు. చిన్నప్పుడు తిండికి మారాం చేస్తే తల్లి ఇద్దరికీ చెప్పిన కథ అది. జింక పిల్లను కని, దాచడానికి చోటివ్వమని అడవిని అడిగిందట. "నా దగ్గరున్న చోట్లన్నీ తోడేలుకు తెలుసు" అందట అడవి. అప్పుడు జింక తన పిల్ల ఒంటి వాసనంతా నాకి నాకి మింగేసి, "నేనొచ్చి పిలిచేదాకా కదలకు, కిక్కురుమనకు" అని చెప్పి వెళ్ళిందట.

వింటున్నప్పుడు ముద్దుగా ఉండే కథ, అన్న వేటకుక్కను తీసుకుని అడవికి వెళ్ళాక వాళ్ళకే ఎదురు తిరిగింది. ఎంత లోతు బొరియలో ఉన్న కుందేలునైనా పసిగట్టే కుక్క అది. నెత్తురు మరక చుట్టూ నాలుగుసార్లు తిరిగి, వచ్చి అన్న కాళ్ళ దగ్గర కూలబడింది. తల్లిజింక తన పని అంత బాగా చేసింది.

మొదటిరోజు చీకటి పడేదాకా వెతికారు. రెండోరోజు ఆమె పని మానుకుని మరీ వెళ్ళింది. కర్రతో కొడితే ఎక్కడ తగులుతుందోనని పొదలన్నీ చేతులతోనే విడదీశారు. మోచేతుల దాకా ముళ్ళు గీరుకున్నాయి. మధ్యాహ్నం, కూలిన మాను మీద కూర్చుని మంచినీళ్ళు తాగారు.

"ఎవరైనా తీసుకుపోయి పెంచుకుంటున్నారేమోలే" అన్నాడు అన్న.

"ఎవరు?" అంది. అతను లేచి మళ్ళీ పొదల్లోకి నడిచాడు.

మూడోరోజు పొద్దున్నే ఆమెకే కనిపించింది. ఆ మాను వెనకే, పది అడుగుల దూరంలో, ఎండుటాకుల మధ్య. కాళ్ళు ముడుచుకుని, మెడ నేలకు ఆనించి, తల్లి పడుకోబెట్టినట్టే ఉంది. చెయ్యి వేసి చూసింది. ఊపిరి లేదు. ఒళ్ళు మాత్రం ఇంకా పూర్తిగా చల్లబడలేదు.

అన్న వచ్చి చూసి దాని పక్కనే కూర్చున్నాడు.

"నిన్న మనం ఇక్కడే కూర్చున్నాం కదే!"

"ఊఁ."

"మన మాటలు వినే ఉంటుంది. ఒక్కసారి అరిచి ఉంటే..."

"అరవొద్దని చెప్పింది కదా వాళ్ళమ్మ."

ఆ మాటకు యాభై ఏళ్ళ మనిషి వెక్కి వెక్కి ఏడ్చాడు. తండ్రి పోయినప్పుడు కూడా అలా ఏడవలేదు.

పిల్లను చొక్కాలో చుట్టి తెచ్చారు. తల్లి ఇంకా ఆమె కొట్లో ఐసుపెట్టెలోనే ఉంది.

"తల్లి పిల్లకు పాలు ఇస్తున్నట్టు రెంటినీ కలిపి నిలబెట్టవే. మా హాల్లో పెట్టుకుంటాను. రోజూ చూస్తాను. నాకు బుద్ధి రావాలి" అన్నాడతను.

ఆమె చెయ్యగలదు. చేస్తే చూసినవాళ్ళందరూ మెచ్చుకుంటారు కూడా.

"చెయ్యను అన్నయ్యా. మూడురోజులు కదలకుండానే ఉంది కదా, పాపం. ఇంకా అలాగే ఉంచమంటావా?"

కొట్టు వెనక గొయ్యి అతనే తవ్వాడు, ఆమెను పార ముట్టనివ్వలేదు. రెంటినీ ఒకే చోట పెట్టి మన్ను కప్పారు.

మరుసటి ఏడు అతను మళ్ళీ వేటకు వెళ్ళాడు. పొగమంచు పట్టిన రోజుల్లో మాత్రం గడప దాటేవాడు కాదు. వదిన ఎందుకని అడిగితే మోకాళ్ళ నొప్పులనేవాడు. తోళ్ళమ్మ ఆ మాట కాదనలేదు.