రాజు వెళ్ళిన రోజు

నా భర్త రిజ్క్ చనిపోయాడని కాగితం మీద ఒప్పుకోవడానికి ఆ బుధవారం కొడుకుతో కలిసి అలెగ్జాండ్రియా కోర్టు ఆఫీసుకు వెళ్ళాను. ఆయన సరుకు ఓడలో వంటవాడిగా వెళ్ళి ముప్పై ఎనిమిదేళ్ళు. ఏదో రేవులో దిగాడన్నారు, మళ్ళీ ఎక్కలేదన్నారు. ఇన్నాళ్ళూ సంతకం పెట్టనన్నాను. కొడుకు మమ్దూహ్‌కు గుండె ఆపరేషన్ అయ్యాక, "నేనూ పోతే నీకోసం ఈ ఆఫీసుల చుట్టూ ఎవరు తిరుగుతారమ్మా?" అన్నాడు. సరే అన్నాను. ఏడుపు రాలేదు.

గుమాస్తా సబ్రీ కలం తీసి, పెద్దావిణ్ణి పిలిచే మర్యాదతో అడిగాడు. "వెళ్ళిన తేదీ చెప్పండి, హజ్జా."

"రాజు వెళ్ళిన రోజు."

నా ఈడువాళ్ళం తేదీలు అలాగే చెప్పుకుంటాం. యాభై రెండు జులైలో, విప్లవం గద్దె దించాక, రాజు మా రేవులోనే ఓడెక్కి దేశం విడిచాడు. నాలుగేళ్ళకు సరిగ్గా అదే తేదీన, మా మన్షియా మైదానంలోనే, సూయజ్ కాలువ ఇక మనదని చాటారు. మరో ముప్పై ఏళ్ళకు, అదే తేదీన, రిజ్క్ ఓడెక్కాడు.

"ఏ రాజు? పిరమిడ్ కట్టినాయనా?" సబ్రీ నవ్వాడు.

పక్క బల్ల నుంచి అవాతిఫ్ మేడమ్ అందుకుంది. "పెద్దావిణ్ణి వెక్కిరించకు. రాజు పోయింది విప్లవం నాడేగా? మనకు సెలవిచ్చే రోజు. ఇరవై మూడు. రాసెయ్."

రాశాడు. మాతో వచ్చిన ఇరుగుపొరుగు ముసలివాళ్ళిద్దరు సాక్షి సంతకాలు పెట్టారు. ముద్ర పడింది.

"వేలిముద్రా?" నన్నడిగాడు సబ్రీ.

"సంతకం."

నేను బడికి వెళ్ళలేదు. గోడ క్యాలెండర్ చీటీలు కూడబలుక్కుంటూ చదువు నేర్చుకున్నాను. ఏ కాగితమైనా మొదటినుంచి చివరిదాకా చదవందే వదలను. చదివాను.

"ఇది తప్పు. విప్లవం ఇరవై మూడునే, రాజు వెళ్ళింది ఇరవై ఆరున."

"ముప్పై ఎనిమిదేళ్ళలో మూడు రోజులేనమ్మా!" అన్నాడు మమ్దూహ్.

"ఆ మూడు రోజులూ మీ నాన్న ఇంట్లోనే ఉన్నాడు. ఇరవై నాలుగున వంటింటి తలుపు బిగించాడు. ఇరవై ఐదున చేపలో ఉప్పెక్కువైందని తిట్టాడు."

"ఉప్పు గొడవ రాయడానికి ఇందులో చోటు లేదు, హజ్జా. దిద్దితే చెల్లదు. ఆదివారం సాక్షులతో మళ్ళీ రండి."

"మళ్ళీ నాలుగంతస్తులా!" సాక్షి బయూమీ గొణిగాడు. "ఆదివారానికి నా పేరన కాగితం రాయాల్సొస్తుంది."

సబ్రీ కాగితాన్ని రెండుగా చించాడు. చూస్తూ కూర్చున్నాను. బాధా లేదు, ఊరటా లేదు.

దిగేటప్పుడు మమ్దూహ్ మెట్ల దగ్గర ఆయాసంతో ఆగాడు. పక్కనే నిలబడ్డాను.

"ఆదివారం సంతకం పెడతావుగా?"

"తేదీ సరిగ్గా ఉంటే పెడతాను."